రంగం ఎళ్ళిపోనాడు: మన తాతల బంగారం వేట

కోతలు అయిపోయి కల్లాలు కాస్త ఖాళీ అయ్యాయి కాబట్టి ఇవాళ పంట గురించి కాకుండా పాత సంగతి ఒకటి రాస్తున్నాను. కొంచెం పొడుగ్గానే ఉంటుంది, తీరిక చూసుకుని చదవండి.

బంగారం వేట అంటే అందరూ అమెరికా మాటే చెప్తారు. 1848 జనవరిలో కాలిఫోర్నియాలో సట్టర్ అనే ఆసామి తన రంపపు మిల్లు కట్టిస్తుంటే కాలవలో బంగారం రేకులు కనబడ్డాయి. ఆ మాట పొక్కింది. 1849లో ప్రపంచం నలుమూలల నుంచి జనం ఎగబడ్డారు. బంగారం దొరికింది సట్టర్ చోటులోనే. కానీ బాగుపడింది సట్టర్ కాదు. అతను బంగారం కోసం వచ్చినవాడు కాదు, మనలాగ సేద్యం చేసుకునేవాడు. వేలాది ఎకరాలు సంపాదించి గోధుమ వేశాడు, పశువుల్ని పెంచాడు. బంగారం మాట వినగానే పనివాళ్ళంతా చేను వదిలేసి పోయారు. కోసేవాడు లేక గోధుమ చేలోనే రాలిపోయింది. వచ్చిన జనం అతని పశువుల్ని తోలుకుపోయారు, భూమిలో గుడారాలు వేసి ఇది మాదే అన్నారు. కాయితాల మీద కోర్టుల్లో ఏళ్ళ తరబడి తగువు నడిచింది. చివరికి నష్టపరిహారం ఇప్పించండి బాబూ అని వాషింగ్టన్ చుట్టూ తిరిగి తిరిగి 1880లో అక్కడే పోయాడు.

ఇది ఎందుకు చెప్పానంటే, మన శృంగవరపుకోట, జామి, గజపతినగరం, భీమిలి, ఇంకా పైకి శ్రీకాకుళం, టెక్కలి, సోంపేట వైపు జనానికి కూడా ఇలాంటి వేట ఒకటి ఉండేది. దాని పేరు రంగం. ఇప్పటి గుంటలకు రంగం అంటే తెలీదు. మన ముసలివాళ్ళు రంగూన్‌ని రంగం అనేవారు. ఎవడైనా ఇంట్లో తగువు పడి కనబడకపోతే, అప్పులవాడికి దొరక్కుండా పోతే, "రంగం ఎళ్ళిపోనాడు" అనేవారు. ఊరి పాత ఇళ్ళల్లో బర్మా టేకు తలుపులు, పెట్టెలు చూస్తే ఇప్పటికీ చేత్తో నిమురుతాం. ఆ టేకు ఎక్కడి నుంచి వచ్చిందో, దాని వెనక ఎంతమంది ఒళ్ళు హూనమైందో చెప్పేవాళ్ళు తగ్గిపోయారు.

బర్మాని మన పూర్వులు సువర్ణభూమి అన్నారని చదువుకున్నాం. కానీ మన తాతలు పరిగెత్తింది తవ్వితే వచ్చే బంగారం కోసం కాదు. అక్కడి బంగారం వడ్లు.

ఎలాగంటే, ఇంగ్లీషువాళ్ళు 1852 యుద్ధంలో రంగూన్ చుట్టుపక్కల దిగువ బర్మా అంతా పట్టుకున్నారు. ఐరావతి నది సముద్రంలో కలిసే చోట మన గోదావరి లంకల్లాంటి ఒండ్రు నేల, అంతకు ఎన్నో రెట్లు ఎక్కువ ఉంది. అప్పటికి దానిలో ఎక్కువ భాగం అడవి, రెల్లు, ఉప్పునీటి మడ. జనం తక్కువ. 1850ల్లో అక్కడ వరి సాగు ఏడెనిమిది లక్షల ఎకరాలే. ఇంతలో మూడు సంగతులు కలిశాయి. 1861లో అమెరికాలో అంతర్యుద్ధం వచ్చి, ఐరోపాకి అక్కడి కరోలినా బియ్యం రావడం పడిపోయింది. 1869లో సూయెజ్ కాలవ తెరిచారు, ఓడ దారి బాగా తగ్గింది. ఆవిరి ఓడలు పెరిగాయి. దాంతో రంగూన్ బియ్యానికి గిరాకీ లేచింది. అడవి కొట్టడం, గట్టు వేయడం, దమ్ము చేయడం, ఊడవడం. 1930ల నాటికి దిగువ బర్మాలో వరి ఎనభై లక్షల ఎకరాలు దాటిపోయింది. ఎనభై ఏళ్ళలో పది రెట్లు! ప్రపంచంలో బియ్యం ఎగుమతికి బర్మాని మించిన దేశం లేకుండా పోయింది.

భూమి ఉంది, ధర ఉంది, చేతులు లేవు. చేతులు ఎక్కడున్నాయంటే బంగాళాఖాతానికి ఇవతల మన దగ్గర.

మన వైపు అప్పుడు ఏటి పరిస్థితి? ఎక్కువ ఊళ్ళు జమీందారీలు. శిస్తు కట్టాలి, వాన రాకపోయినా కట్టాలి. చెరువు నిండితే వరి, లేకపోతే చోడి, గంటి. 1866లో గంజాం, ఒరిస్సా వైపు ఘోరమైన కరువు. 1876 నుంచి 78 దాకా మద్రాసు రాజధాని అంతా కరువు. నాగుకి తెచ్చిన ధాన్యం తీర్చలేక కంబారిగా కుదిరిపోయినవాళ్ళు, ఒకరి దగ్గర చేసిన అప్పు కొడుకు మీదికి వచ్చినవాళ్ళు ఊరూరా ఉండేవారు. అలాంటివాడికి మేస్త్రి వచ్చి "అవతల రోజు కూలీ ఇక్కడికి రెండు మూడింతలు, పద" అంటే ఆగుతాడా?

దారి కూడా దగ్గరే. మన గోస్తనీ నది అనంతగిరి కొండల్లో పుట్టి, మన పక్క నుంచి పారి భీమిలి దగ్గర సముద్రంలో కలుస్తుంది. అప్పట్లో భీమిలి మంచి రేవు. గోగునార, నువ్వులు, బెల్లం బళ్ళ మీద అక్కడికి పోయేవి. గోగునారకి విదేశాల్లో బిమ్లీ జూట్ అని పేరు రావడం ఆ రేవు వల్లే. బండిమీద గోగునార వెళ్ళిన దారినే మనిషి కూడా వెళ్ళాడు. భీమిలి, విశాఖపట్నం, కళింగపట్నం, బారువ, గోపాలపూర్, ఇటు కాకినాడ, ఇన్ని రేవుల నుంచి రంగూన్‌కి ఓడలు నడిచేవి. కాకినాడ పక్కన కోరంగి అనే పాత రేవు ఉంది కదా, 1839 ఉప్పెనలో కొట్టుకుపోయింది. దాని పేరు మీదే బర్మావాళ్ళు తెలుగువాళ్ళందరినీ "కోరంగీలు" అన్నారు. శృంగవరపుకోట వాడైనా, సోంపేట వాడైనా అక్కడికి పోతే కోరంగీయే. మొదట్లో అది ఊరి పేరు. తరవాత తరవాత తిట్టు అయిపోయింది.

ఇక ప్రయాణం. బ్రిటిష్ ఇండియా స్టీమ్ కంపెనీ ఓడలో డెక్ టికెట్. డెక్ అంటే పైన కప్పు సరిగా లేని చోట, పశువుల్ని తోలినట్టు జనం. నాలుగైదు రోజులు వాంతులు, ఉప్పుగాలి. టికెట్ డబ్బులు, ఇంటికి ఇచ్చే పది ఇరవై రూపాయలు మేస్త్రి అడ్వాన్సుగా ఇచ్చేవాడు. అసలు కిటుకు ఇక్కడే ఉంది. ఓడ ఎక్కకముందే మనిషి అప్పులో పడ్డాడు. ఇక్కడ సావుకారి అప్పు వదిలించుకుందామని బయలుదేరినవాడు మేస్త్రి అప్పు నెత్తిన పెట్టుకుని దిగాడు.

పైన కాంట్రాక్టరు, అతని కింద పెద్ద మేస్త్రి, కింద చిన్న మేస్త్రి, ఆ కింద కూలీల ముఠా. కంపెనీవాడు కూలి లెక్కకట్టి కాంట్రాక్టరుకే ఇచ్చేవాడు. అది మెట్టు మెట్టుకీ కొంత కొంత విరిగి కిందికి వచ్చేది. తిండి ఖర్చు, గది అద్దె, అడ్వాన్సు మీద వడ్డీ పోగా చేతికి మిగిలింది జీతం. మేస్త్రి కూడా చాలావరకు మన జిల్లావాడే, మన భాషవాడే, ఒక్కోసారి మన కులంవాడే. నమ్మకం అక్కడ పుట్టింది, మోసం కూడా అక్కడే పుట్టింది.

పని సంవత్సరం ఎలా ఉండేదో రైతులకు చెప్తే ఇట్టే అర్థమవుతుంది. వానలు వెనకబట్టాక ఓడ దిగి ముందు డెల్టాలో వరికోతలకి పోయేవారు. డిసెంబరు, జనవరి కోత, నూర్పు. అది అవగానే రంగూన్ వచ్చి బియ్యం మిల్లుల్లో చేరేవారు. స్టీల్ బ్రదర్స్ లాంటి తెల్లదొరల కంపెనీల పెద్ద పెద్ద మిల్లులు నది ఒడ్డునే ఉండేవి. పడవలోంచి వడ్లు బుట్టల్లో మోయడం, ఊక తీయడం, బస్తా కుట్టడం, ఓడకి ఎక్కించడం. ఎండాకాలం దాకా మిల్లు సీజను. మళ్ళీ ఇక్కడ ఊడుపుల వేళకి కొందరు ఇంటికి, కొందరు అక్కడే. అక్కడే ఉన్నవాళ్ళు ఓడరేవులో మోత, రైలు దారి పని, చమురు శుద్ధి కర్మాగారం, రిక్షా లాగడం, పాకీ పని, ఏది దొరికితే అది. రంగూన్ వీధుల్లో రిక్షా లాగేవాళ్ళలో, రేవులో బస్తా మోసేవాళ్ళలో ఎక్కువమంది మనవాళ్ళే.

ఉండడానికి ఒక్కో గదిలో ముప్పై, నలభై మంది. పగలు పని చేసేవాడు లేచిన చాప మీద రాత్రి పని చేసేవాడు పడుకునేవాడు. ఎక్కువమంది మగవాళ్ళే, పెళ్ళాం పిల్లలు ఇక్కడే. క్షయ, మలేరియా, కలరా. 1920ల చివర్లో ఒక్క ఏడాదిలోనే నాలుగు లక్షల మందికి పైగా భారతీయులు బర్మాలో దిగిన సంవత్సరం ఉంది. దిగినంతమందిలో అత్యధికులు తిరిగి వచ్చేవారు. 1931 జనాభా లెక్కల్లో రంగూన్‌లో నాలుగు లక్షల మంది ఉంటే సగం పైన భారతీయులు. బర్మా మొత్తం మీద తెలుగు మాట్లాడేవాళ్ళు లక్షన్నర పైన. బర్మా రాజధానిలో బర్మావాడే తక్కువ అయిపోయాడు. ఈ మాట గుర్తుపెట్టుకోండి, ముందు దీనికి చాలా ఖరీదు చెల్లించాం.

ఇప్పుడు నాకు ముఖ్యం అనిపించే ప్రశ్నకి వస్తాను. అంత ఖాళీ భూమి ఉన్న దేశానికి, తరతరాలుగా వరి పండించిన చేతులు వెళ్ళాయి. మరి భూమి ఎందుకు దక్కలేదు?

చట్టం చూస్తే అడ్డం ఏమీ లేదు. 1876 భూమి చట్టం ప్రకారం బంజరు కొట్టుకుని, శిస్తు కడుతూ 12 ఏళ్ళు ఎడతెగకుండా సాగు చేసినవాడికి ఆ భూమి మీద హక్కు వస్తుంది. కొత్తగా కొట్టిన భూమికి మొదటి కొన్నేళ్ళు శిస్తు మాఫీ కూడా ఉండేది. వినడానికి ఎంత బాగుందో చూడండి. కానీ అడవి కొట్టి, మడ ఆరబెట్టి, మొదటి పంట చేతికొచ్చేదాకా తినాలి. ఎడ్లు కావాలి, విత్తనం కావాలి. పన్నెండేళ్ళు ఒకే చోట కదలకుండా ఉండాలంటే పక్కన ఆలుబిడ్డలు ఉండాలి. మేస్త్రి అడ్వాన్సు మీద ఒంటరిగా వచ్చినవాడు ఏడాది లోపల లెక్క తేల్చుకోవాలి. వాడికి పన్నెండేళ్ళ మాట ఎక్కడిది? ఇంటికి మనియార్డరు పంపకపోతే ఇక్కడ పొయ్యి వెలగదు. అందుకే మనవాళ్ళు అక్కడి పొలాన్ని కోశారు, మోశారు, ఆడించారు, ఓడ ఎక్కించారు. సొంతం మాత్రం చేసుకోలేకపోయారు. కుటుంబాలతో వెళ్ళి, మోల్మేన్ వైపు ఊళ్ళలో సేద్యంలో నిలదొక్కుకున్న తెలుగువాళ్ళు లేకపోలేదు, కాని వెళ్ళినవాళ్ళ లెక్కలో వాళ్ళు కొద్దిమందే.

మరి అడవి కొట్టింది ఎవరు? ఎక్కువగా ఎగువ బర్మా నుంచి కుటుంబాలతో దిగివచ్చిన బర్మా రైతులు. వాళ్ళకైనా దక్కిందా అంటే అదీ లేదు. పెట్టుబడికి అప్పు కావాలి. తమిళనాడు నుంచి వెళ్ళిన చెట్టియార్లు భూమి తాకట్టు మీద అప్పులిచ్చారు. ధర ఉన్నన్నాళ్ళు బండి నడిచింది. 1930లో ప్రపంచమంతా మాంద్యం వచ్చి వడ్ల ధర సగానికి పైగా పడిపోయింది. అప్పు మాత్రం పడిపోలేదు. దిగువ బర్మాలో ముఖ్యమైన వరి జిల్లాలు పదమూడు ఉంటే, 1930లో అక్కడి సాగుభూమిలో నూటికి 6 ఎకరాలు చెట్టియార్ల చేతిలో ఉండేది, 1937 నాటికి నూటికి 25 అయింది. చెట్టియారు కూడా భూమి కోసం వెళ్ళలేదు, వడ్డీ కోసం వెళ్ళాడు. అప్పు తిరిగి రాక భూమి మెడకి చుట్టుకుంది. నడుం విరిగేలా గట్టు వేసినవాడు కౌలుదారు అయ్యాడు, తరవాత కూలీ అయ్యాడు.

అప్పటిదాకా కూలిపని మనది, సేద్యం వాళ్ళది అన్నట్టు ఉండేది. సేద్యం పోయిన బర్మావాడు కూడా కూలికి పట్నం వచ్చాడు. రెండు ఆకళ్ళు ఎదురుపడ్డాయి. 1930 మే నెలలో రంగూన్ రేవులో తెలుగు కూలీలు కూలి పెంచమని సమ్మె చేశారు. కంపెనీలు వాళ్ళ బదులు బర్మావాళ్ళని పనిలోకి తీసుకున్నాయి. కొన్నాళ్ళకి మనవాళ్ళతో రాజీ కుదిరింది. మే 26న మనవాళ్ళు పనిలోకి వచ్చేసరికి, బర్మావాళ్ళకి ఇక మీరు అక్కర్లేదు పొమ్మన్నారు. అక్కడే రేవులో మొదలైంది గొడవ. కర్రలు, కత్తులు. కొన్ని రోజులపాటు ఊరంతా కోరంగీల వేట. వంద మందికి పైగా చచ్చిపోయారు, వందలమంది గాయపడ్డారు, ఎక్కువమంది మనవాళ్ళు. ప్రాణం అరచేతిలో పెట్టుకుని వేలమంది ఓడలెక్కారు. కూలి మిగుల్చుకున్న కంపెనీవాడికి మాత్రం గీత కూడా పడలేదు. ఇద్దరు పేదవాళ్ళు ఒకే బస్తా కోసం కొట్టుకుంటుంటే గోదాము తాళం మూడోవాడి జేబులో ఉంటుంది.

1937లో బర్మాని ఇండియా నుంచి విడదీశారు. ఒక్క రోజులో మనవాళ్ళు పరాయి దేశస్థులు అయిపోయారు. 1938లో మళ్ళీ అల్లర్లు.

ఆ తరవాత యుద్ధం. 1941 డిసెంబరు 23న జపానువాళ్ళు రంగూన్ మీద బాంబులు వేశారు. ఆకాశంలో విమానాలు చూడ్డానికి వీధుల్లోకి వచ్చి నిలబడ్డ జనం ఎక్కడివాళ్ళక్కడ పడిపోయారు. రేవు ఖాళీ అయింది. ఓడలో చోటు దొరికినవాళ్ళు కొద్దిమంది. మిగతావాళ్ళు నడక. ప్రోమ్ మీదుగా కొండలు దాటి అరకాన్ తీరానికి ఒక దారి, టాము మీదుగా మణిపూర్‌కి ఒక దారి, ఇంకా పైన హుకాంగ్ లోయ మీదుగా అస్సాంకి ఒక దారి. నాలుగైదు లక్షల మంది నడిచారు. వానలు మొదలయ్యాక బురద, జలగలు, కలరా. దారిలో చచ్చిపోయినవాళ్ళు పదివేల మంది నుంచి లక్ష దాకా అని లెక్కలు వేశారు. తెల్లవాళ్ళకి ఒక దారి, మనవాళ్ళకి ఒక దారి పెట్టారని అప్పట్లోనే ఇక్కడ నాయకులు నిలదీశారు. 1942 మార్చిలో రంగూన్ జపాను చేతికి పోయింది. తరవాత నెల, ఏప్రిల్ 6న, విశాఖపట్నం మీదా కాకినాడ మీదా బాంబులు పడ్డాయి. రంగం నుంచి ప్రాణాలతో వచ్చినవాడికి ఇక్కడా అదే మోత వినబడింది.

బర్మా బియ్యం ఆగిపోయాక ఏమైందో కూడా చెప్పాలి. 1943లో బెంగాల్ కరువు వచ్చింది. ముప్పై లక్షల మంది దాకా పోయారంటారు. దానికి కారణాలు చాలా ఉన్నాయి, అందులో రంగూన్ బియ్యం రాకపోవడం ఒకటి. మనం పండించని బియ్యం మీద బతికితే ఏం జరుగుతుందో అప్పుడు తెలిసింది.

యుద్ధం అయ్యాక కొందరు మళ్ళీ వెళ్ళారు. అలవాటైన చోటు, అక్కడే పుట్టిన పిల్లలు. 1948లో బర్మాకి స్వతంత్రం. 1962లో సైన్యం చేతికి అధికారం పోయింది. 1963, 64లో దుకాణాలు, వ్యాపారాలు జాతీయం చేశారు. 1964 మేలో యాభై, వంద క్యాట్ నోట్లు చెల్లవన్నారు. దాచుకున్నది కాయితం అయిపోయింది. లక్షకు పైగా భారతీయులు కట్టుబట్టలతో తిరిగి వచ్చారు, నగలు కూడా పూర్తిగా తెచ్చుకోనివ్వలేదు. అలా వచ్చినవాళ్ళు విశాఖపట్నంలో స్థిరపడ్డ చోటే కంచరపాలెం దగ్గర బర్మా క్యాంపు. మనం కూరగాయలు వేసుకుని, పనులమీద ఆ దారినే వెళ్తుంటాం. బస్సు ఆపు పేరు అనుకుంటాం. అది మన జిల్లాల వంద సంవత్సరాల కథకి మిగిలిన బోర్డు.

ఇదంతా ఇప్పుడెందుకు అంటారా? మన ఊళ్ళు చూడండి. ఊడుపులకి మనుషులు దొరకడం లేదు. గుంటలు విశాఖపట్నం, హైదరాబాదు, చెన్నై, ఇంకా పైకి గల్ఫు పోతున్నారు. వెళ్ళొద్దని నేను అనను. ఇక్కడ ఎకరానికి ఎంత మిగులుతుందో నాకంటే మీకే బాగా తెలుసు. కానీ వెళ్ళేటప్పుడు అడ్వాన్సు ఎవరి దగ్గర తీసుకున్నాడు, కూలి నేరుగా వాడి చేతికి వస్తుందా, మధ్యలో ఎన్ని మెట్లున్నాయి, ఈ మూడు సంగతులు ఇంట్లో కూర్చోబెట్టి అడగండి. మేస్త్రి పేరు మారి ఏజెంటు అయింది, ఓడ మారి రైలు, విమానం అయింది. లెక్క మారలేదు.

రెండోది మనలో కౌలు చేసేవాళ్ళకి. దమ్ము చేసినవాడు వేరు, కాయితం ఉన్నవాడు వేరు అయితే కష్టకాలంలో భూమి కాయితం వైపే పోతుంది. డెల్టాలో బర్మా రైతుకి జరిగింది అదే. మన రాష్ట్రంలో 2019 చట్టం ప్రకారం పదకొండు నెలలకి సాగు హక్కు కార్డు ఇస్తారు. పొలం ఎక్కడికీ పోదు, యజమాని హక్కుకి ఏమీ కాదు. పంట రుణానికి, నష్టపరిహారానికి అదే ఆధారం. సంతకానికి వెనకాడే ఆసాములు కూడా మన పేజీ చదువుతారని తెలుసు. అందుకే ఇక్కడే రాస్తున్నాను. సంతకం పెట్టండి.

మూడోది. ఇప్పుడు మన వైపు కట్టడం పనులకి, ఫ్యాక్టరీలకి ఒరిస్సా నుంచి, బీహారు నుంచి, బెంగాల్ నుంచి కుర్రాళ్ళు వస్తున్నారు. ఒక్కో గదిలో పదేసి మంది ఉంటున్నారు. వాళ్ళ భాష మనకి నవ్వులాట అయింది, వాళ్ళ వల్లే కూలి పడిపోయిందని తిట్టుకునేవాళ్ళూ ఉన్నారు. వంద ఏళ్ళ కింద రంగూన్ రేవులో మన తాత అచ్చం అలాగే నిలబడ్డాడు. అతన్ని కోరంగీ అన్నారు.

మీ ఇళ్ళల్లో ఎనభై దాటిన పెద్దలుంటే ఈ సంక్రాంతికి ఒకసారి కూర్చుని అడగండి, మన ఇంట్లో రంగం ఎవరు వెళ్ళారు, ఏ రేవులో ఎక్కారు, ఎలా వచ్చారు అని. చెప్పింది తారీకుతో సహా ఒక పుస్తకంలో రాసిపెట్టండి. వాళ్ళతో పాటు పోతే మళ్ళీ దొరకదు.

జై కిసాన్.